ఆట మళ్ళీ మొదటికి

విద్యార్థి సంఘం వారు ఈ ఏటి సావనీర్ కోసం వ్యాసం అడగడానికి వచ్చినప్పుడు, "సైన్సు విషయమే వ్రాయండి సార్, కానీ క్లాసు చెప్పినట్టు మాత్రం వద్దు" అని ఒక షరతు పెట్టి వెళ్ళారు. ఈ కళాశాలలోనే ఎలక్ట్రానిక్స్ చదువుకుని, ప్రస్తుతం వేరొక చోట అదే సబ్జెక్టు చెప్పుకుంటున్నవాణ్ణి కనుక సెమీకండక్టర్ల మీద నాలుగు పేజీలు నింపడం నాకు కష్టమేమీ కాదు. కానీ ఎవరు చదువుతారు? అందుచేత ఒక ఆటబొమ్మను గురించి వ్రాస్తున్నాను. ప్రశ్న కూడా చాలా చిన్నది. చేతిలో పట్టుకుని ఆడే వీడియో గేమ్‌లో దాచుకున్న ఆటను చెరిపి మళ్ళీ మొదటి నుండి మొదలుపెడితే, పాతది ఎట్లా పోతుంది? సరిగ్గా ఏ క్షణంలో పోతుంది? ఈ రెండవ ప్రశ్నకు జవాబు తెలియక నేను మా తమ్ముణ్ణి ఒకసారి అన్యాయంగా కొట్టాను. కాబట్టి వ్యాసంలో కొంత ఇంటి గొడవ కూడా ఉంటుంది. మిత్రులు మన్నించాలి.

మాది టేకుమట్ల. ఇప్పుడది జయశంకర్ భూపాలపల్లి జిల్లాలో ఒక మండల కేంద్రం. నా చిన్నతనంలో వరంగల్ జిల్లా, చిట్యాల మండలంలో ఒక ఊరు. మా ఊళ్ళో పిల్లలకు వీడియో గేమ్ అంటే మేడారం జాతరలో దొరికే 'బ్రిక్ గేమ్' అన్నమాట. 2002 జాతరలో బాపు నాకొకటి కొనిచ్చాడు. దాని మీద 9999 ఆటలని అచ్చువేసి ఉన్నది కానీ, ఒకే నాలుగైదు ఆటలను వేగం మార్చి మార్చి లెక్కపెట్టారని రెండు రోజుల్లోనే తెలిసిపోయింది. అడ్డంగా పది, నిలువుగా ఇరవై నల్లని గడులు. పైనుండి ఇటుకలు పడుతుంటే వరుస కలపాలి. మాస్కోలో అలెక్సీ పజిత్నోవ్ అనే ఇంజనీరు 1984లో తయారుచేసిన టెట్రిస్ ఆటకు ఇది ఎన్నో చేతులు మారిన నకలు. పెన్సిల్ సెల్లు తీసేస్తే చాలు, ఎంత స్కోరు చేసినా సున్నా. దానికి జ్ఞాపకమనేది లేదు. అందుకని చెరపడమనే సమస్యా లేదు. ఆ ఆటలో ప్రతిరోజూ మొదటి రోజే.

2003 చివర మా చిన్నాయిన మస్కట్ నుండి సెలవు మీద వచ్చాడు. ఆయన పనిచేసే ఇంట్లో అర్బాబ్ కొడుకు ఆడి ఆడి విసుగెత్తి పక్కన పడేసిన ఒక గేమ్‌బాయ్ కలర్‌ను బట్టల మధ్య పెట్టుకుని తెచ్చాడు. నింటెండో కంపెనీ మొదటి గేమ్‌బాయ్‌ను 1989 ఏప్రిల్‌లో జపాన్‌లో అమ్మకానికి పెట్టింది. ఈ రంగుల తెర గలది 1998లో వచ్చింది. రెండు పెన్సిల్ సెల్లతో నడుస్తుంది. తెర వెనుక వెలుతురు ఉండదు. కరెంటు పోతే ఆట కూడా పోయినట్టే. కోతల రోజుల్లో పగటిపూట అరుగు మీద కూర్చుని, ఎండ తెర మీద పడేటట్టు వంచి పట్టుకుని ఆడేవాళ్ళం. దాంతోపాటు ఒకే ఒక్క క్యాసెట్ వచ్చింది. అసలు పేరు కార్ట్రిడ్జి గానీ మేము క్యాసెట్ అనే అనేవాళ్ళం. అది 'పోకేమాన్ గోల్డ్'.

తెలియనివారి కోసం రెండు మాటలు. చిన్నప్పుడు పురుగులు పట్టి సీసాల్లో పెట్టుకోవడం సరదాగా ఉన్న సతోషి తజిరి అనే జపాన్ దేశస్థుడు, ఆ సరదానే ఆటగా మలచి 1996లో మొదటి పోకేమాన్ ఆటలు తెచ్చాడు. ఒక పిల్లవాడు ఇల్లు విడిచి ఊళ్ళు తిరుగుతూ వింత జీవులను పట్టి, పెంచి, పోటీలకు దించుతాడు. ఆ వరుసలో గోల్డ్, సిల్వర్ అనే జంట 1999 నవంబర్‌లో జపాన్‌లో వచ్చింది. పదహారు బ్యాడ్జీలు గెలవాలి. ఇది ఒక పూటలో, ఒక వారంలో అయ్యే పని కాదు. నెలల తరబడి ఆడాలి. కాబట్టి ఆడినంతవరకు ఎక్కడో ఒకచోట దాచిపెట్టవలసి ఉంటుంది. దాన్నే 'సేవ్' అంటారు. బ్రిక్ గేమ్‌కూ దీనికీ అసలు తేడా రంగుల్లో లేదు, ఇక్కడ ఉన్నది.

క్యాసెట్ లోపల ముఖ్యంగా రెండు రకాల జ్ఞాపకాలున్నాయి. ఒకటి రామ్ కాదు, రోమ్. ఇది అచ్చయిన పుస్తకం వంటిది. ఊళ్ళు, దారులు, జీవుల బొమ్మలు, సంగీతం అన్నీ ఫ్యాక్టరీలోనే అందులో ముద్రించేస్తారు. రెండు మెగాబైట్లు. మనం ఏం నొక్కినా అది మారదు. రెండవది రామ్. ఇది పలక. ఇందులో మనం నడిచిన కథ ఉంటుంది: మన పేరు, ఎక్కడ నిలబడ్డాం, ఎన్ని డబ్బులున్నాయి, ఏయే జీవులను పట్టాం. దీని కొలత 32 కిలోబైట్లు, అనగా 32,768 బైట్లు. ఈ వ్యాసాన్ని కంప్యూటర్లో యూనికోడ్‌లో టైపు చేస్తే ఒక్కొక్క తెలుగు అక్షర సంకేతానికి మూడు బైట్లు పడుతుంది కనుక, ఇది కూడా ఆ పలకలో పట్టదు. అంత చిన్నది.

పలక మీద రాత చెరిగిపోకుండా ఉండాలంటే కరెంటు కావాలి. ఆ రామ్‌లో ఒక్కొక్క బిట్‌ను ఆరు ట్రాన్సిస్టర్లు కలిసి పట్టుకుని ఉంటాయి. రెండు జట్లు ఎదురెదురుగా నిలబడి, "నువ్వు అవునంటే నేను కాదంటాను, నేను కాదన్నాను కాబట్టి నువ్వు అవునను" అని ఒకదాన్నొకటి నిలబెట్టుకుంటున్నట్టు ఊహించుకోండి. కరెంటు అందినంతసేపు ఆ మాట మారదు. ఒక్క క్షణం అందకపోతే రెండూ మరిచిపోతాయి. గేమ్‌బాయ్ నడుస్తున్నంతసేపు ఆ కరెంటు పెన్సిల్ సెల్ల నుండి వస్తుంది. ఆపివేశాక, క్యాసెట్‌ను ఊడదీసి పెట్టెలో పడేశాక? అందుకోసం క్యాసెట్ లోపలే ఒక బిళ్ళ సెల్ అతికించి ఉంటుంది. సీ.ఆర్. 2025 అని దాని పేరు. ఆ అంకెల్లోనే దాని కొలతలున్నాయి: 20 మిల్లీమీటర్ల వెడల్పు, రెండున్నర మిల్లీమీటర్ల మందం. మూడు వోల్టులు. అఖండదీపానికి నూనె వంటిదనుకోండి. అటువంటి సెల్ సామర్థ్యం సుమారు 160 మిల్లీ ఆంపియర్ అవర్లు. పదేళ్ళంటే దాదాపు 87,600 గంటలు. భాగిస్తే వచ్చేది రెండు మైక్రో ఆంపియర్ల లోపు. లెక్కలు సరదా ఉన్న విద్యార్థులు చేసి చూడవచ్చు. ఇంత పిసరు కరెంటుతో ఒక పిల్లవాడి ఏడాది ఆట నిలబడి ఉంటుందంటే, నాకిప్పటికీ ఆశ్చర్యమే.

గోల్డ్ క్యాసెట్‌లో ఆ సెల్‌కు ఇంకొక చాకిరీ కూడా ఉన్నది. ఆటలో గడియారం నడుస్తుంది. సాయంత్రం ఆరు దాటితే తెర మీద చీకటి పడుతుంది, హూట్‌హూట్ అనే గుడ్లగూబ జీవి రాత్రిళ్ళే బయటికొస్తుంది. మనం ఆడకపోయినా గడియారం నడవాలి కదా. చేతి వాచీల్లో ఉండే క్వార్ట్జ్ స్ఫటికమే ఇక్కడా ఉన్నది. సెకనుకు 32,768 సార్లు కంపిస్తుంది. పలకలో ఉన్న బైట్ల సంఖ్యా అదే! యాదృచ్ఛికమేమీ కాదు, రెండూ రెండును పదిహేనుసార్లు హెచ్చిస్తే వచ్చేవి. ఆ కంపనాలను సగం, సగంలో సగం, అట్లా పదిహేనుసార్లు తగ్గిస్తే సరిగ్గా సెకనుకు ఒకటి మిగులుతుంది. ఈ అదనపు పని వల్ల గోల్డ్, సిల్వర్ క్యాసెట్లలోని సెల్లు అంతకుముందు వాటికంటే త్వరగా ఎండిపోతాయని పేరుపడ్డాయి.

ఇక అసలు గొడవకు వస్తాను.

చిన్నాయిన తెచ్చిన రోజున స్విచ్ వేయగానే తెర మీద 'కంటిన్యూ', 'న్యూ గేమ్', 'ఆప్షన్' అని మూడు మాటలు కనిపించాయి. కంటిన్యూ అని ఉన్నదంటేనే లోపల ఎవరిదో ఆట దాచి ఉన్నదని అర్థం. అది ఆ మస్కట్ పిల్లవాడిది. నాకవేవీ తెలియవు. తెలుగు మీడియం ఎనిమిదో తరగతి ఇంగ్లీషు నాది. న్యూ అంటే కొత్త అని తెలుసు కాబట్టి అది నొక్కాను. సాయంత్రం సేవ్ చేసేటప్పుడు ఏదో అడిగింది, అవునన్నాను. ఆ పిల్లవాడు పెంచుకున్న జీవులన్నీ అక్కడితో పోయాయి. వాడి పేరు కూడా నేను చదవలేదు.

ఒక క్యాసెట్‌లో ఒక్కరి ఆటకే చోటు. ఎందుకని అడగవచ్చు. పట్టిన జీవులను దాచుకోవడానికి ఆటలో పెట్టెలుంటాయి. పద్నాలుగు పెట్టెలు, ఒక్కోదాంట్లో ఇరవై. ఆ 280 జీవుల వివరాలకే పలకలో దాదాపు సగం పోతుంది. దానికి తోడు, పొరపాటున ఒకటి చెడిపోతే ఇంకొకటి ఉంటుందని ముఖ్యమైన వివరాలను రెండు ప్రతులుగా వ్రాస్తుంది. బస్సు కండక్టరు టికెట్ల లెక్క సరిచూసుకున్నట్టు, బైట్లన్నీ కూడి మొత్తం కూడా వ్రాసి పెట్టుకుంటుంది. మళ్ళీ స్విచ్ వేసినప్పుడు కూడి చూస్తుంది. మొత్తం తప్పితే రెండో ప్రతి తీస్తుంది. ఇన్ని జాగ్రత్తలు తీసుకున్నాక రెండో మనిషికి చోటెక్కడిది? అదీగాక తయారుచేసినవారి ఉద్దేశం పిల్లవాడికొక మిషను, పిల్లవాడికొక క్యాసెట్. రెండు మిషన్ల మధ్య తీగ కలిపి జీవులను ఇచ్చిపుచ్చుకోవాలని ఆటను అట్లాగే రూపొందించారు. ఇంటికి ఒకటే ఉండి, దాని చుట్టూ ఇద్దరన్నదమ్ములు ఉండే ఇళ్ళను వారు లెక్కలోకి తీసుకున్నట్టు లేదు.

2004 వేసవి సెలవులు. అప్పటికి నావి పదకొండు బ్యాడ్జీలు, తొంభై గంటల ఆట. ఎర్ర రంగు గ్యారడోస్ నా దగ్గర ఉన్నది. ఒక్కొక్కరి ఆటలో అది ఒకే ఒకసారి చెరువులో కనిపిస్తుంది, వదిలితే మళ్ళీ రాదు. ఆ రోజు మధ్యాహ్నం నేను బావి కాడి నుండి వచ్చేసరికి తమ్ముడు అరుగు మీద కూర్చుని ఆడుతున్నాడు. తెర మీద వాడి పేరున్నది.

"ఏంజేస్తున్నవ్‌రా?"

"కొత్తది పెట్టుకున్న అన్నా."

"మరి నాదేది?"

"ఏమో... కనవడ్తలేదు."

తర్వాత జరిగింది గొప్పగా చెప్పుకునేది కాదు. అవ్వ వచ్చి అడ్డం పడితే గానీ ఆగలేదు. "గా డబ్బ కోసం పోరన్ని గిట్ల కొడ్తవారా?" అని నన్ను నెట్టేసింది. వాడు ఏడుస్తూ పోయాడు. నేను గేమ్‌బాయ్ చేతిలోకి తీసుకున్నాను. నా ఆట పోనే పోయింది, కనీసం సెల్లు అయిపోయి ఇది కూడా పోకుండా ఉంటే చాలనుకున్నానో, లేక రోజూ ఆపే ముందు సేవ్ చేసే అలవాటు కొద్దీ చేశానో, సేవ్ నొక్కాను. అది ఎప్పటిలాగే ఓవర్‌రైట్ చేయవచ్చునా అని అడిగింది. ఎప్పటిలాగే అవునన్నాను.

ఎప్పటిలాగే అంటున్నాను గానీ, ఎప్పటిలా కాదు. మన ఆట మీద మనమే సేవ్ చేసేటప్పుడు ఆ యంత్రం, ఆల్రెడీ ఒక సేవ్ ఫైల్ ఉన్నది, ఓవర్‌రైట్ చేయనా అని అడుగుతుంది. ఆ ప్రశ్నకు నేను నాలుగైదు నెలలుగా రోజూ అవునంటూనే ఉన్నాను. వేరొకరి ఆట మీద సేవ్ చేసేటప్పుడు 'ఆల్రెడీ' అన్నచోట 'అనదర్' అంటుంది. అంతే తేడా. మిగతా మాటలన్నీ అవే. ఆట మొదలుపెట్టినప్పుడు ప్రతి ఆటగాడికి యంత్రం ఐదంకెల లోపు ఒక నంబరు ఇస్తుంది. దాచిన నంబరూ ఆడుతున్న నంబరూ వేరైతే ఆ రెండో ప్రశ్న అడిగి, అవునంటే పాత పెట్టెలన్నీ ఖాళీ చేసి కొత్తది వ్రాస్తుంది. యంత్రం నన్ను హెచ్చరించింది. ఒక్క మాట మార్చి హెచ్చరించింది. నాకు ఆ మాటా తెలియదు, ఓవర్‌రైట్ అంటే ఏమిటో కూడా తెలియదు. అంత పెద్ద నష్టానికి అంత చిన్న తేడా పెట్టడం తయారుచేసినవారి తప్పేనని ఇప్పటికీ అంటాను. కానీ నొక్కింది నేనే.

నాకు ఈ సంగతి తెలిసింది 2008లో, ఇదే కళాశాలలో, డిగ్రీ చదువుతున్నప్పుడు. మెమరీల పాఠం జరుగుతున్నది. ప్రోగ్రాం నడుస్తున్నప్పుడు మార్పులన్నీ పనిచేసే రామ్‌లోనే జరుగుతాయని, దాచమని చెప్పేదాకా దాచిన చోటు మారదని మా సార్ బోర్డు మీద రెండు డబ్బాలు గీసి చూపించారు. గేమ్‌బాయ్ కలర్‌లో కూడా అంతే. క్యాసెట్‌లోని పలక కాక, మిషను లోపల ఇంకొక పలక ఉన్నది. దాని కొలతా 32 కిలోబైట్లే. దానికి కాపలా సెల్ లేదు, స్విచ్ ఆపితే ఖాళీ. న్యూ గేమ్ నొక్కినవాడి కథ అంతా ముందు ఈ పలక మీద నడుస్తుంది. క్యాసెట్ పలక మీద పాత కథ అట్లాగే పడి ఉంటుంది. నేను బెంచీ మీద కూర్చుని ఆ రెండు డబ్బాల వైపు చూస్తూనే ఉన్నాను. తర్వాత పాఠం ఏం జరిగిందో గుర్తు లేదు.

సంక్రాంతి సెలవులకు ఇంటికి పోయి పరీక్షించి చూశాను. న్యూ గేమ్ నొక్కి, వేరే పేరు పెట్టి, ఇరవై నిమిషాలు ఆడి, సేవ్ చేయకుండా స్విచ్ ఆపాను. మళ్ళీ వేశాను. కంటిన్యూ అని ఉన్నది. లోపల దాచిన ఆట చెక్కు చెదరలేదు. అంటే 2004లో ఆ మధ్యాహ్నం నేను చేయవలసిందల్లా స్విచ్ ఆపడమే. తమ్ముడు నా ఆటలో ఒక్క బైటును కూడా ముట్టుకోలేదు.

మధ్యలో ఇంకొక చెరిపివేత ఉన్నది, అదీ చెప్పాలి. ఆ గొడవ తర్వాత తమ్ముడు గేమ్‌బాయ్ ముట్టుకోలేదు. నేను వాడి పేరు మీదే ఆడుకుంటూ పోయాను. ఆటలో కలిసినవాళ్ళంతా నన్ను వాడి పేరుతోనే పిలిచేవాళ్ళు. పెట్టిన పేరు మార్చే వీలు ఆటలో లేదు. పదో తరగతి పరీక్షలయ్యాక పరకాలలో ఒక నెట్ సెంటర్‌లో చూస్తే, మొత్తం తుడిచివేసే ఉపాయం దొరికింది. మొదటి బొమ్మ తెర మీద పై బాణం, సెలెక్ట్, బి మూడూ కలిపి నొక్కాలి. మెనూలో ఎక్కడా ఉండదు, తెలిసినవాడే చేయాలి. నొక్కితే సేవ్ డేటా అంతా తుడిచేయనా అని అడుగుతుంది. ఇక్కడ మాత్రం 'నో' పైన ఉంటుంది, 'యెస్' కింద ఉంటుంది. తొందరపాటున నొక్కితే నో అని పడుతుంది. సేవ్ చేసేటప్పుడు కూడా ఇంత జాగ్రత్త పెట్టి ఉంటే ఎంత బాగుండేది! పై బాణానికి బదులు కింది బాణం నొక్కితే గడియారం దిద్దుకునే తెర వస్తుంది, అది వేరే సంగతి. యెస్ అంటే పలకలోని బైట్లన్నిటిలోనూ సున్నాలు నింపేస్తుంది. కంప్యూటర్లో ఫైలు తీసేస్తే సాధారణంగా ముందు విషయసూచికలోని పేరే పోతుంది, సరుకు కొంతకాలం అక్కడే ఉంటుంది, వెతికి తీసే సాఫ్ట్‌వేర్లున్నాయి. ఇక్కడ ఆ ఆశ లేదు. సున్నాల కింద వెతికితే సున్నాలే ఉంటాయి.

నేను ఆ మూడూ నొక్కే వేళకు తమ్ముడు పక్కనే ఉన్నాడు. "నీ పేరు తీసేస్తున్నరా" అన్నాను. "తియ్యి" అన్నాడు. అంతకుమించి మాట్లాడలేదు.

తర్వాతి కాలంలో ఈ చిక్కులు చాలావరకు పోయాయి. 2001లో వచ్చిన గేమ్‌బాయ్ అడ్వాన్స్ క్యాసెట్లు కొన్నింటిలో ఫ్లాష్ మెమరీ వాడారు. తోషిబాలో పనిచేసిన ఫుజియో మసువోకా 1984లో లోకానికి వెల్లడించిన ఆ మెమరీకి రాత నిలవడానికి కరెంటు అక్కరలేదు. మన పెన్ డ్రైవులు, సెల్‌ఫోన్లు దాని మీదే బతుకుతున్నాయి. 2017లో వచ్చిన నింటెండో స్విచ్‌లో ఎనిమిది మంది దాకా ఎవరి పేరు మీద వారు ఆటలు దాచుకోవచ్చు. అన్నదమ్ములకు కొట్లాట అక్కరలేదు, అంటే సేవ్ దగ్గర అక్కరలేదు. మిషను ఎవరి చేతిలో ఉండాలన్న కొట్లాట ఎనిమిది మందికీ ఉంటుంది.

2016 అక్టోబర్‌లో మా ఊరు వరంగల్ జిల్లా నుండి కొత్త జిల్లాకు పోయింది, మండలమూ అయింది. నా సర్టిఫికెట్ల మీద ఒక అడ్రసు, ఆధార్ మీద ఇంకొకటి. ఆఫీసుల్లో రెండూ ఒకటేనని చెప్పుకోవలసి వచ్చినప్పుడల్లా నాకు ఆ ఓవర్‌రైట్ ప్రశ్న గుర్తుకొస్తుంది.

2024 దసరాకు ఇంటికి పోయినప్పుడు తమ్ముని బిడ్డ సందుగలో ఈ డబ్బాను వెతికి పట్టుకున్నది. తమ్ముడు ఇప్పుడు సింగరేణిలో చేస్తున్నాడు. పెన్సిల్ సెల్లు వేస్తే మిషను నడిచింది. కానీ తెర మీద న్యూ గేమ్, ఆప్షన్ అని రెండే మాటలు. కంటిన్యూ లేదు. లోపలి బిళ్ళ సెల్ ఎప్పుడో ఎండిపోయి, ఎవరూ నొక్కకుండానే అంతా పోయింది. హనుమకొండలో వాచీల దుకాణంలో రేకులు అతికించిన సీ.ఆర్. 2025 తీసుకొచ్చాను. క్యాసెట్ మర మామూలు స్క్రూడ్రైవర్‌కు రాదు. పెన్ను గొట్టం కొసను మంట మీద మెత్తబరిచి మర మీద ఒత్తి, చల్లారాక తిప్పితే వచ్చింది. పాత సెల్ తీసి కొత్తది సోల్డర్ చేశాను. లోపల ఏమైనా మిగిలి ఉంటే ఈ పనిలోనే పోయేది, కానీ ఏమీ మిగలలేదు కనుక భయం లేదు.

పిల్ల న్యూ గేమ్ నొక్కింది. పేరుకు ఏడు ఇంగ్లీషు అక్షరాలే పడతాయి. దాని పేరులో ఎనిమిది. చివరిది తీసేసి సర్దుకున్నది. గంటసేపు ఆడి, సేవ్ దగ్గరికి వచ్చి ఆగింది.

"పెద్దబాపూ, ఇండ్ల మా బాపుది ఏమన్న ఉన్నదా? నేను సేవ్ జేస్తే పోతదా?"

అది ఇంగ్లీషు మీడియం పిల్ల. అడగకముందే అడిగింది. తమ్ముడు అరుగు మీద కూర్చుని ఫోన్ చూసుకుంటున్నాడు, తల ఎత్తలేదు.

"ఏం లేదు బిడ్డా, నొక్కు" అన్నాను.

నొక్కింది. ఓవర్‌రైట్ ప్రశ్న రాలేదు. ఖాళీ పలక మీద వ్రాసేటప్పుడు అది రాదు.

2008లో తెలుసుకున్న సంగతి తమ్ముడికి నేనింతవరకు చెప్పలేదు. సావనీర్ అచ్చయ్యాక రెండు కాపీలు ఇవ్వమని విద్యార్థి సంఘం వారిని అడిగాను. రెండోది భూపాలపల్లికి పంపుతాను.